పెద్దలకు మాత్రమే: కోజి వాకమత్సు సినిమాల వెనక లెక్క

1965లో బెర్లిన్ చలనచిత్రోత్సవం పోటీ విభాగంలో ఒక చిన్న జపాన్ సినిమా పడింది. పేరు 'సీక్రెట్స్ బిహైండ్ ది వాల్'. దర్శకుడు కోజి వాకమత్సు, అప్పటికి వయసు 29. సినిమా బాగుందా లేదా అన్న చర్చ జపాన్‌లో పెద్దగా జరగలేదు. అసలు ఇది అక్కడి దాకా ఎలా వెళ్లింది అన్నదే గొడవంతా. జపాన్ నిర్మాతల సంఘం తన తరఫున వేరే సినిమాలు పంపింది. ఉత్సవం వాళ్లు వాటిని పక్కనపెట్టి, ఒక జర్మన్ పంపిణీదారు తెచ్చిన ఈ సినిమాను ఎంచుకున్నారు. జపాన్ పత్రికలు దీన్ని దేశానికి తలవంపులు తెచ్చిన సినిమా అన్నాయి. ప్రభుత్వం తరఫు నుంచీ అభ్యంతరం వెళ్లింది. సినిమాను విడుదల చేయాల్సిన నిక్కత్సు స్టూడియో భయపడి, పెద్దగా చప్పుడు చేయకుండా విడుదల చేసి చేతులు దులుపుకుంది. వాకమత్సు అదే ఏడాది బయటికొచ్చి సొంత కంపెనీ పెట్టుకున్నాడు.

అంత కోపం ఎందుకు వచ్చిందో తెలియాలంటే ఆ సినిమా ఏ కోవకు చెందిందో తెలియాలి. తక్కువ ఖర్చుతో తీసే ఇలాంటి శృంగార సినిమాను జపాన్‌లో పింక్ సినిమా అంటారు. మగవాళ్లు ఒంటరిగా వెళ్లి, టికెట్ కొనుక్కుని, చీకట్లో కూర్చుని చూసి, ఎవరికీ చెప్పకుండా ఇంటికి వెళ్లిపోయే సినిమాలవి. మూడు సినిమాలు ఒకే టికెట్ మీద వేసే చిన్న హాళ్లలో ఆడేవి. ఒలింపిక్స్ జరిపి ఏడాది కూడా కాలేదు, ప్రపంచం ముందు కొత్త జపాన్‌ను నిలబెట్టామన్న సంబరంలో దేశం ఉంది. అలాంటప్పుడు యూరప్‌లో జపాన్ పేరు మీద తెర మీదికి వచ్చింది ఆ చీకటి హాళ్ల సినిమా.

సినిమాలో ఏముందో చూస్తే కోపానికి ఇంకో కారణం కూడా కనిపిస్తుంది. కథంతా ఒక కాంక్రీటు అపార్ట్‌మెంట్ల సముదాయంలో జరుగుతుంది. యుద్ధం తర్వాత మధ్యతరగతి కోసం జపాన్ ప్రభుత్వ గృహనిర్మాణ సంస్థ కట్టించిన తరహా ఇళ్లు. ఒకే కొలతల గదులు, ఒకే తలుపులు, ఒకే కిటికీలు. అప్పట్లో అలాంటి ఇల్లు దొరకడమంటే జీవితంలో ఒక మెట్టు ఎక్కినట్టు. పరీక్షలకు చదువుతూ గదిలో మగ్గిపోయే ఒక కుర్రాడు ఎదుటి కిటికీల్లోకి తొంగి చూస్తుంటాడు. ఎదుటి ఇంట్లో ఒక గృహిణి తన పాత ప్రియుణ్ణి రహస్యంగా కలుస్తుంటుంది. ఒకప్పుడు ఇద్దరూ యుద్ధ వ్యతిరేక ఉద్యమంలో కలిసి తిరిగినవాళ్లు. అతని ఒంటి మీద హిరోషిమా బాంబు మిగిల్చిన కాలిన మచ్చలు. గోడ మీద స్టాలిన్ బొమ్మ. ఆ బొమ్మ కింద ఆమె అతని మచ్చల్ని ముద్దాడుతుంది. పింక్ సినిమా టికెట్ కొన్నవాడికి శృంగార దృశ్యం దొరికింది, నిజమే. కానీ ఆ దృశ్యంలో బాంబు ఉంది, ఓడిపోయిన ఉద్యమం ఉంది, ఊపిరాడని కొత్త ఇల్లు ఉంది. దేశం మరిచిపోవాలనుకున్నవన్నీ అదే మంచం మీద కనిపించాయి.

వాకమత్సు వందకు పైగా సినిమాలు తీశాడు. అన్నీ గొప్పవి కావు. చాలావాటిని మళ్లీ చూడాల్సిన అవసరం కూడా లేదు. అయినా స్వతంత్ర సినిమా గురించి ఆలోచించేవాళ్లు ఆయన్ని వదిలి పోలేరు. ఎందుకంటే 'పెద్దలకు మాత్రమే' అన్న ముద్రను ఆయన ఒక అనుమతి పత్రంలా వాడుకున్నాడు. ఆ ముద్ర ఉంటే డబ్బు వస్తుంది, హాలు దొరుకుతుంది, పైనుంచి అడిగేవాడు ఉండడు. ఆ సందులోంచి ఆయన రాజకీయం మాట్లాడాడు. అయితే ఆ అనుమతికి మూల్యం ఎవరు చెల్లించారన్న ప్రశ్న కూడా ఆయన సినిమాల్లోనే ఉంది. ఈ రెండింటినీ కలిపి చూడకపోతే వాకమత్సు సగమే అర్థమవుతాడు.

ఆయన అసలు పేరు తకాషి ఇతో. 1936 ఏప్రిల్ 1న ఈశాన్య జపాన్‌లోని మియాగి ప్రాంతంలో, వకుయా అనే ఊళ్లో పుట్టాడు. వరి పండే నేల. వ్యవసాయ హైస్కూల్లో చదువు మధ్యలోనే ఆపేసి టోక్యో చేరాడు. మిఠాయి దుకాణంలో పని నేర్చుకున్నాడు, కూలిపని చేశాడు. చివరికి షింజుకులో యాకుజా ముఠాల చుట్టూ తిరిగాడు. 1957లో అరెస్టై కొన్ని నెలలు జైల్లో ఉన్నాడు. పోలీసుల మీద కసి అక్కడే పుట్టిందని, సినిమాలో అయితే పోలీసుల్ని చంపినా ఎవరూ పట్టుకోరు కాబట్టే ఈ పనిలోకి వచ్చానని తర్వాత ఇంటర్వ్యూల్లో పదేపదే చెప్పాడు. జైలు నుంచి వచ్చాక టీవీ నిర్మాణంలో కింది పనులు చేస్తూ పైకొచ్చి, 1963లో మొదటి పింక్ సినిమా తీశాడు. సినిమా స్కూలు లేదు, పెద్ద స్టూడియోలో సహాయకుడిగా ఏళ్ల తరబడి చాకిరీ చేసింది లేదు. నాగీసా ఓషిమా లాంటి సమకాలిక దర్శకులు విశ్వవిద్యాలయంలో చదివి, పరీక్ష రాసి స్టూడియోల్లో చేరినవాళ్లు. ఆ తేడా ఆయన సినిమాల్లో ప్రతి ఫ్రేములోనూ తెలుస్తుంది. అవి మొరటుగా ఉంటాయి, సూటిగా ఉంటాయి, మర్యాద కోసం ఆగవు.

ఇక డబ్బు లెక్క. 1958లో జపాన్ సినిమా హాళ్లలో అమ్ముడైన టికెట్లు 112 కోట్లకు పైనే. ఆ తర్వాత టీవీ వచ్చి ఆ వ్యాపారాన్ని కూలగొట్టింది. 1965 నాటికి టికెట్లు దాదాపు మూడో వంతుకు పడిపోయాయి. పెద్ద స్టూడియోలు సినిమాలు తగ్గించుకుంటుంటే, ఊరూరా ఉన్న చిన్న హాళ్లకు తెర మీద వేయడానికి సరుకు కావాలి. టీవీలో దొరకనిది కావాలి. పింక్ సినిమా ఆ ఖాళీలోకి వచ్చింది. 1962లో సతోరు కొబయాషి తీసిన 'ఫ్లెష్ మార్కెట్'ను ఈ కోవలో మొదటిదిగా చెబుతారు. మూడు నాలుగేళ్లలోనే దేశంలో తయారయ్యే సినిమాల్లో పెద్ద వాటా ఈ చిన్న కంపెనీలదే అయింది.

ఒక పింక్ సినిమా బడ్జెట్ సుమారు 30 లక్షల యెన్‌లు ఉండేది. అప్పట్లో డాలరు 360 యెన్‌ల దగ్గర స్థిరంగా ఉండేది కాబట్టి, దాదాపు 8,300 డాలర్లు. పెద్ద స్టూడియో సినిమా ఖర్చులో ఇది పదో వంతు కూడా కాదు. ఈ డబ్బుతో గంటా పది నిమిషాల సినిమా తీయాలి. షూటింగ్ మూడు రోజుల నుంచి వారం లోపు పూర్తవ్వాలి. సెట్లు వేసే స్తోమత లేదు కాబట్టి ఎవరిదో ఇల్లు, ఒక మేడ మీద, ఒక సముద్రపు ఒడ్డు, ఇదే లొకేషన్. మాటలు తర్వాత డబ్బింగులో వేస్తారు. రంగుల ఫిల్ము ఖరీదు ఎక్కువ, అందుకని సినిమా అంతా నలుపు తెలుపుల్లో నడిచి, శృంగార దృశ్యం వచ్చేసరికి మాత్రం ఒక్కసారిగా రంగుల్లోకి మారేది. దీన్ని అప్పట్లో పార్ట్ కలర్ అనేవాళ్లు. పంపిణీదారు అడిగేది ఒక్కటే, పది నిమిషాలకో పావుగంటకో అలాంటి దృశ్యం ఉండాలి. మిగతా సమయంలో ఏం చూపించినా ఆయనకు పట్టదు.

ఆ 'మిగతా సమయం' విలువ వాకమత్సుకు బాగా తెలుసు. పెద్ద స్టూడియోలో కథ మొదలు పోస్టరు దాకా పది మంది ఆమోదం కావాలి. ఇక్కడ ఎవరూ స్క్రిప్టు చదవరు. నిబంధన తక్కువ, నిఘా తక్కువ. పెట్టుబడి ఎంత చిన్నదో స్వేచ్ఛ అంత పెద్దది. ఇది ఆయన కనిపెట్టింది కాదు, ఆ రంగంలో చాలామందికి దొరికిందే. దొరికినదాన్ని ఒక పద్ధతిగా మార్చుకున్నది ఆయన. దర్శకుడు, నిర్మాత ఒకడే అయ్యాడు. ఒక సినిమా మీద వచ్చిన డబ్బు మరో సినిమాలో పెట్టాడు. ఆఫీసునే లొకేషన్ చేశాడు. కుర్రాళ్లను చేరదీసి వాళ్ల చేత కథలు రాయించాడు. ఆ బృందంలో నలుగురైదుగురు ఒకే మారుపేరు పంచుకుని రాసేవాళ్లు, తెర మీద ఇజురు దెగుచి అన్న పేరు పడితే అది ఎవరైనా కావచ్చు. మసావో అదాచి, అత్సుషి యమతోయా లాంటి వాళ్లు అక్కడ పనిచేసినవాళ్లే.

సెన్సారు సంగతి కూడా చెప్పుకోవాలి. మన దగ్గర సెన్సారు బోర్డు 1952 చట్టం కింద నడిచే ప్రభుత్వ సంస్థ. జపాన్‌లో ఎయిరిన్ అనే కమిటీని 1949లో సినిమా పరిశ్రమే తనకు తాను పెట్టుకుంది. యుద్ధానికి ముందు ప్రభుత్వ సెన్సారు ఎంత కర్కశంగా ఉండేదో చూశాక, అమెరికా ఆక్రమణ కాలంలో వచ్చిన ఏర్పాటు అది. ఎయిరిన్ ముద్ర లేకపోతే మామూలు హాళ్లలో సినిమా ఆడదు. అయితే ఎయిరిన్ ఒప్పుకున్నంత మాత్రాన గట్టెక్కినట్టు కాదు. శిక్షాస్మృతి 175వ సెక్షన్ అశ్లీల వస్తువుల పంపిణీని నేరం చేస్తుంది, పోలీసులు ఎప్పుడైనా తలుపు తట్టొచ్చు. వాకమత్సు బెర్లిన్ గొడవ జరిగిన 1965లోనే తెత్సుజి తకెచి తీసిన 'బ్లాక్ స్నో' మీద కేసు పెట్టారు. అమెరికా సైనిక స్థావరం పక్కన బతుకుతున్న వాళ్ల కథ అది. ఆ కేసులో తకెచి చివరికి నిర్దోషిగా బయటపడ్డాడు. అశ్లీలమన్నది పైకి చెప్పే మాట, అసలు ఇబ్బంది ఆ స్థావరాన్ని చూపించడమే అని అప్పట్లోనే చాలామంది అన్నారు. ఒంటిని చూపించినందుకు పట్టుకుంటే చట్టం పని, రాజకీయాన్ని చూపించినందుకు పట్టుకుంటే పేరు చెడుతుంది. కాబట్టి మొదటిదే వాడతారు.

1966లో వచ్చిన 'ది ఎంబ్రియో హంట్స్ ఇన్ సీక్రెట్' వాకమత్సు పద్ధతి ఎలా పనిచేస్తుందో చూపించే సినిమా. ఒక అపార్ట్‌మెంట్, ఇద్దరు మనుషులు, బయట వాన. దుకాణం మేనేజరు ఒకడు తన దగ్గర పనిచేసే అమ్మాయిని ఇంటికి తీసుకొచ్చి బంధించి హింసిస్తాడు. చనిపోయిన తన భార్య పోలికలు ఆ అమ్మాయిలో చూస్తాడు. భార్య బిడ్డను కోరుకుంది, అతనికి బిడ్డ అక్కర్లేదు. పుట్టడమే ఒక శిక్ష అనుకునే మనిషి. చివరికి ఆ అమ్మాయి అతన్ని చంపుతుంది. ఖర్చు తగ్గించడానికి ఒకే ఇంట్లో తీసిన సినిమా ఇది, కానీ ఆ ఇరుకే దాని భాషగా మారింది. తెల్ల గోడలు, కిందనుంచి పెట్టిన కెమెరా, ఎక్కడికీ పోవడానికి తోవ లేకపోవడం. డబ్బు లేకపోవడాన్ని దాచుకునే దర్శకులు ఎందరో ఉంటారు. వాకమత్సు దాన్ని దాచలేదు, కథలోకి తెచ్చి కూర్చోబెట్టాడు. నలభై ఏళ్లు దాటాక, 2007లో ఫ్రాన్స్‌లో ఇది హాళ్లలోకి వచ్చినప్పుడు 18 ఏళ్ల లోపు వాళ్లకు నిషేధం పెట్టారు, దాని మీద అక్కడి సినిమావాళ్లు నిరసన తెలిపారు. అంత కాలం తర్వాత కూడా అది ఇబ్బంది పెట్టింది.

మరుసటి ఏడాది 'వయొలేటెడ్ ఏంజెల్స్'. 1966లో షికాగోలో ఒకడు ఎనిమిది మంది నర్సింగ్ విద్యార్థినులను, నర్సులను చంపిన ఘటన దీనికి ఆధారం. హంతకుడి పాత్రలో నాటకరంగం నుంచి వచ్చిన జురో కారా. గంట కూడా నిడివి లేని సినిమా. ఇందులో పార్ట్ కలర్‌ను ఆయన ఎలా తిప్పేశాడో గమనించాలి. హాల్లో కూర్చున్నవాడికి రంగు వచ్చిందంటే శృంగారం వస్తుందని అలవాటు. ఇక్కడ రంగు వచ్చేసరికి తెర మీద ఉన్నది నెత్తురు. అప్పటిదాకా నలుపు తెలుపుల్లో దాగిన హత్యలన్నీ ఒక్కసారి ఎర్రగా కళ్ల ముందు పడతాయి. దేనికోసం ఎదురుచూశావో చూడు అని ప్రేక్షకుణ్ణి నిలదీసినట్టు ఉంటుంది. వ్యాపారం కోసం పుట్టిన ఒక అలవాటును అదే వ్యాపారం మీదికి తిప్పడం అంటే ఇది. వాకమత్సు ప్రతిభ ఎక్కడుందని ఎవరైనా అడిగితే ఈ ఒక్క మార్పు చూపిస్తే చాలు.

అయితే అదే సినిమా దగ్గర ఆగి అడగాల్సిన ప్రశ్న ఒకటుంది. చచ్చిపోయేది ఎవరు? నర్సులు. బాధపడేది, బట్టలు పోగొట్టుకునేది, కట్టేయబడేది ఎవరు? ప్రతి సినిమాలోనూ ఆడవాళ్లే. 1960లలో వాకమత్సు తీసిన సినిమాల్లో అత్యాచారం కథను నడిపించే ఇంజన్‌లా పదేపదే వస్తుంది. ఆయన్ని ఇష్టపడే విమర్శకులు దీనికి ఒక వివరణ ఇచ్చారు. హింసించేవాడు రాజ్యం, హింసకు గురయ్యే స్త్రీ అణిగిపోయిన ప్రజలు అని. కొన్ని సినిమాల విషయంలో ఆ వివరణ నిలబడుతుంది కూడా. కానీ ఆ ప్రతీకను మోసింది నిజమైన నటి. ప్రేక్షకుల్లో ఎక్కువమంది ప్రతీక కోసం టికెట్ కొనలేదు. రాజకీయం మాట్లాడే స్వేచ్ఛ దర్శకుడికి దొరికితే, దానికి అద్దె కట్టింది ఆడవాళ్ల ఒళ్లు. సినిమా చరిత్ర పుస్తకాల్లో వాకమత్సు పేరు, అదాచి పేరు ఉంటాయి. ఆ సినిమాల్లో నటించిన అమ్మాయిల్లో చాలామంది ఆ తర్వాత ఏమయ్యారో ఎక్కడా రాసి ఉండదు. వాకమత్సు గొప్పతనం ఒప్పుకుంటూనే ఈ మాట గట్టిగా చెప్పాలి. లేకపోతే ఆ ప్రశంసలో నిజాయితీ ఉండదు.

వాకమత్సు ఆఫీసులో ఆడవాళ్లు కెమెరా వెనక కూడా ఉన్నారు, కానీ చాలా తక్కువ. 1969లో సహాయ దర్శకురాలిగా చేరిన మెగుమి యోషిజుమి అనే యువతి కళ్లతో ఆ రోజుల్ని చూపిస్తూ 2018లో కజుయా షిరాయిషి 'డేర్ టు స్టాప్ అస్' అనే సినిమా తీశాడు. షిరాయిషి స్వయంగా వాకమత్సు దగ్గర పనిచేసి పైకొచ్చినవాడు. సిగరెట్ పొగ, అరుపులు, తిట్లు, రాత్రంతా వాదనలు, పొద్దున్నే షూటింగు. అభిమానంతో తీసినదే అయినా, ఆ మగవాళ్ల గుంపులో ఒక అమ్మాయి నిలదొక్కుకోవడం ఎంత కష్టమో అందులో దాచలేదు.

1970 ప్రాంతానికి వాకమత్సు సినిమాల్లో రాజకీయం చాటున ఉండటం మానేసింది. విద్యార్థి ఉద్యమాలు, వియత్నాం యుద్ధం, అమెరికాతో భద్రతా ఒప్పందం మీద నిరసనలు, ఇవన్నీ నేరుగా కథల్లోకి వచ్చాయి. 1971లో కేన్స్ ఉత్సవంలోని డైరెక్టర్స్ ఫోర్ట్‌నైట్‌లో ఆయన సినిమాలు చూపించారు. తిరుగు ప్రయాణంలో వాకమత్సు, అదాచి నేరుగా ఇంటికి రాకుండా లెబనాన్ వెళ్లి, పాలస్తీనా గెరిల్లాల మధ్య ఉండి, 'రెడ్ ఆర్మీ/పీఎఫ్ఎల్‌పీ: డిక్లరేషన్ ఆఫ్ వరల్డ్ వార్' అనే డాక్యుమెంటరీ తీశారు. పీఎఫ్ఎల్‌పీ అంటే ఒక పాలస్తీనా సాయుధ సంస్థ. జపాన్ వచ్చాక దాన్ని మామూలు హాళ్లకు ఇవ్వలేదు. ఎర్ర రంగు వేసిన ఒక బస్సులో ప్రొజెక్టరు పెట్టుకుని ఊరూరా తిరిగి చూపించారు. అదాచి 1974లో మళ్లీ లెబనాన్ వెళ్లి జపనీస్ రెడ్ ఆర్మీ అనే వామపక్ష సాయుధ బృందంలో చేరిపోయాడు. 1997లో అక్కడ అరెస్టయ్యాడు, 2000లో జపాన్‌కు పంపేశారు. వాకమత్సు వెళ్లలేదు, జపాన్‌లోనే ఉండి సినిమాలు తీశాడు. అదే ఆయన ఎంచుకున్న దారి.

1972లో 'ఎక్స్‌టసీ ఆఫ్ ది ఏంజెల్స్' విడుదలకు సిద్ధమైంది. ఒక తీవ్రవాద బృందం లోపల్లోపల కుళ్లిపోయి, టోక్యోలో బాంబులు పెట్టే కథ. విడుదలకు కొద్ది నెలల ముందే, 1971 డిసెంబరులో, షింజుకులో ఒక పోలీసు ఔట్‌పోస్టు దగ్గర నిజంగానే బాంబు పేలింది. 1972 ఫిబ్రవరిలో అసామా సాన్సో ఘటన. యునైటెడ్ రెడ్ ఆర్మీ అనే మరో వామపక్ష సాయుధ బృందం సభ్యులు ఐదుగురు నాగానో కొండల్లో ఒక అతిథి గృహంలో దూరి, అక్కడి మహిళను బందీగా పట్టుకుని పది రోజులు పోలీసుల్ని ఎదిరించారు. దేశమంతా టీవీకి అతుక్కుపోయి చూసింది. ఆ తర్వాత అసలు సంగతి బయటపడింది. అంతకు ముందు కొండల్లోని శిబిరాల్లో, ఆత్మవిమర్శ పేరుతో వాళ్లు తమ సొంత సహచరులనే పన్నెండు మందిని చంపేశారు. జపాన్ వామపక్ష యువత మీద అప్పటిదాకా జనంలో ఉన్న సానుభూతి ఆ దెబ్బతో ఆవిరైపోయింది. ఈ గాయం వాకమత్సును ముప్పై అయిదేళ్లు వదల్లేదు.

1970, 80లలో ఆయన చేసిన పనుల్లో రెండు చెప్పుకుంటే చాలు. ఒకటి, ఓషిమా తీసిన 'ఇన్ ది రెల్మ్ ఆఫ్ ది సెన్సెస్'కు 1976లో జపాన్ వైపు నిర్మాణం చూసుకున్నాడు. 1936లో ప్రియుణ్ణి చంపిన అబే సదా అనే మహిళ ఉదంతం మీద తీసిన సినిమా అది. డబ్బు ఫ్రెంచ్ నిర్మాత అనతోల్ దొమాన్‌ది. జపాన్‌లో షూట్ చేసిన నెగెటివ్‌ను అక్కడ కడగకుండా ఫ్రాన్స్ పంపి, సినిమాను ఫ్రెంచ్ సినిమాగా పూర్తిచేశారు. జపాన్ ల్యాబులో కడిగితే కేసు తప్పదని తెలుసు. చివరికి సినిమాను వదిలేసి, దాని స్క్రిప్టు, ఫొటోలతో వచ్చిన పుస్తకం మీద కేసు పెట్టారు. 1979లో ఓషిమా నిర్దోషి అని తీర్పు వచ్చింది, 1982లో అప్పీలులోనూ అదే నిలిచింది. ఆ సినిమాకు కెమెరా పట్టింది హిదియో ఇతో. వాకమత్సు చిన్న సినిమాల్లో చేయి తిరిగినవాడే. ప్రపంచమంతా కళాఖండమని మెచ్చుకున్న సినిమా వెనక పింక్ సినిమా చేతులు ఉన్నాయన్నమాట.

రెండోది, 1983లో నగోయాలో రైల్వే స్టేషన్ దగ్గర సినిమా స్కోలే అనే చిన్న థియేటరు తెరవడం. దాదాపు యాభై సీట్లు. తాను తీసిన సినిమాకు, తన లాంటివాళ్లు తీసిన సినిమాలకు ఒక తెర ఉండాలన్నది ఆలోచన. సినిమా తీయగలిగితే స్వతంత్రుడవుతావని చాలామంది నమ్ముతారు. చూపించే చోటు ఇంకొకరి చేతిలో ఉన్నంతవరకు ఆ స్వాతంత్ర్యం సగమే. వాకమత్సు అది ముందే గ్రహించాడు.

ఈలోపు పింక్ సినిమా వ్యాపారం మారిపోయింది. 1971 నవంబరులో నిక్కత్సు స్టూడియోనే రోమన్ పోర్నో పేరుతో ఈ రంగంలోకి దిగింది, 1988 దాకా తీసింది. తర్వాత వీడియో క్యాసెట్ వచ్చి హాళ్లను ఖాళీ చేసింది. అయినా ఆ బడి నుంచి వచ్చిన వాళ్లు మిగిలారు. 2009లో 'డిపార్చర్స్'కు ఆస్కార్ గెలిచిన యొజిరో తకితా, హారర్‌లో పేరు తెచ్చుకున్న కియోషి కురొసావా, 'షల్ వుయ్ డాన్స్' తీసిన మసయుకి సువో, ముగ్గురూ పింక్ సినిమాల్లోనే మొదటి అడుగులు వేశారు. తక్కువ డబ్బుతో, తక్కువ రోజుల్లో సినిమా పూర్తిచేయడం ఎలాగో అక్కడే నేర్చుకున్నారు.

వాకమత్సు డెబ్బై ఏళ్ల వయసులో తన పాత గాయం దగ్గరికి తిరిగొచ్చాడు. 2002లో అసామా సాన్సో ఘటన మీద పోలీసుల వైపు నుంచి ఒక పెద్ద సినిమా వచ్చింది. అది చూసి ఆయనకు ఒళ్లు మండింది. లోపల ఉన్న కుర్రాళ్ల గురించి ఎవరూ చెప్పకపోతే తానే చెబుతానన్నాడు. అలా పుట్టింది 'యునైటెడ్ రెడ్ ఆర్మీ'. నిడివి 190 నిమిషాలు. సొంత ఆస్తి తాకట్టు పెట్టి డబ్బు తెచ్చాడు. అతిథి గృహం సెట్ వేయడానికి డబ్బు చాలక, తన సొంత విల్లాలోనే షూట్ చేసి, నీళ్ల ఫిరంగుల దాడి దృశ్యాలకు దాన్ని నాశనం కానిచ్చాడు. నటీనటుల మేనేజర్లను షూటింగ్‌కు రానివ్వలేదు. 1960లలో ఆఫీసును లొకేషన్ చేసిన పద్ధతే ఇది, ఈసారి ఇల్లే పోయింది.

ఆ సినిమాలో మధ్య గంట చూడటం చాలా కష్టం. కొండ మీద చలిలో ఒక చెక్క గుడిసె. ఒక్కొక్కరినీ నిలబెట్టి ఆత్మవిమర్శ చేసుకోమంటారు. లిప్‌స్టిక్ వేసుకున్నందుకు, ఉంగరం పెట్టుకున్నందుకు, ముద్దు పెట్టుకున్నందుకు. ఏం చెప్పినా చాలదు. తర్వాత కొట్టడం మొదలవుతుంది. ఒక అమ్మాయిని తన మొహం తానే కొట్టుకోమంటారు, కొట్టుకున్నాక ఆ వాచిన మొహాన్ని అద్దంలో చూసుకోమంటారు. ఇక్కడ శృంగారం లేదు, ప్రతీక లేదు. కెమెరా ఆ మొహం మీద నిలబడుతుంది. ఒకప్పుడు ఆడవాళ్ల బాధను పోస్టరు మీద అమ్మిన దర్శకుడే, తాను ప్రేమించిన ఉద్యమం ఒక ఆడపిల్లకు ఏం చేసిందో ఇక్కడ తల తిప్పుకోకుండా చూపించాడు. పోలీసుల్ని ద్వేషించిన మనిషి ఉద్యమాన్ని వెనకేసుకు రాలేదు. ఆయన తీసిన వాటిలో అన్నింటికంటే నిజాయితీ గల పని ఇదే. 2008 బెర్లిన్ ఉత్సవంలో దీనికి ఆసియా సినిమాలకు ఇచ్చే నెట్‌ప్యాక్ బహుమతి వచ్చింది.

2010లో 'క్యాటర్‌పిల్లర్'. చైనాతో యుద్ధానికి వెళ్లిన ఒక సైనికాధికారి రెండు కాళ్లూ రెండు చేతులూ పోగొట్టుకుని, చెవుడు వచ్చి, మొహం సగం కాలిపోయి ఊరికి తిరిగొస్తాడు. ఛాతీ మీద పతకాలు. ఊరంతా అతన్ని యుద్ధ దేవుడని మొక్కుతుంది. దేవుణ్ణి చూసుకునే బాధ్యత మాత్రం భార్యది. తినిపించాలి, కడగాలి, అతను అడిగినప్పుడల్లా పక్కలోకి వెళ్లాలి. యుద్ధానికి ముందు ఆమెను కొట్టినవాడు అతనే. పొలం పని కూడా ఆమెదే. ఒక దశలో ఆమె అతనికి సైనిక దుస్తులు తొడిగి, బండిలో కూర్చోబెట్టి ఊళ్లో తిప్పుతుంది. చూసేవాళ్లు ఆమె భక్తికి మురిసిపోతారు. అది భక్తి కాదని ఆమెకూ తెలుసు, అతనికీ తెలుసు.

పడక దృశ్యాలు ఇందులోనూ పదే పదే వస్తాయి, పింక్ సినిమాలో వచ్చినట్టే. తేడా ఏమిటంటే ఇప్పుడు కెమెరా ఆమె మొహాన్ని చూస్తుంది. అసహ్యం, జాలి, కసి, అలసట, ఒక్కోసారి చిన్న అధికారం. షినోబు తెరాజిమా ఆ మొహంతోనే సినిమా మోసింది. దేశం కోసం త్యాగం అన్న పెద్ద మాట వంటింట్లోకి, పక్కలోకి వచ్చేసరికి ఎలా ఉంటుందో ఇంత నేరుగా చెప్పిన సినిమాలు తక్కువ. వాకమత్సు కెరీర్ మొదటి నుంచీ చేయాలనుకున్నది ఇదే, కానీ దానికి ఆయనకు నలభై ఏళ్లు పైగా పట్టింది. 1965లో తలవంపులని తిట్టించుకున్న అదే బెర్లిన్ ఉత్సవంలో, 2010లో తెరాజిమాకు ఉత్తమ నటిగా సిల్వర్ బేర్ వచ్చింది.

2012 ఆయనకు తీరిక లేని ఏడాది. రచయిత యుకియో మిషిమా చివరి రోజుల మీద తీసిన సినిమా కేన్స్‌కు వెళ్లింది, కెంజి నకగామి నవల ఆధారంగా తీసిన 'ది మిలీనియల్ రాప్చర్' వెనిస్‌కు వెళ్లింది. అక్టోబరులో బుసాన్ ఉత్సవం ఆయనకు ఆ ఏటి ఆసియా సినీకారుడి పురస్కారం ఇచ్చింది. ఫుకుషిమా ప్రమాదం తర్వాత అణు విద్యుత్ కంపెనీ మీద సినిమా తీస్తానని చెబుతూ వచ్చాడు. అక్టోబరు 12 రాత్రి షింజుకులో రోడ్డు దాటుతుండగా ట్యాక్సీ ఢీకొట్టింది. 17న చనిపోయాడు. వయసు 76.

ఈ దర్శకుడి సినిమాలు చూడాలనుకునేవాళ్లు పాతవాటితో మొదలుపెట్టకపోవడం మంచిది. ముందు 'క్యాటర్‌పిల్లర్', తర్వాత ఓపిక కూడగట్టుకుని 'యునైటెడ్ రెడ్ ఆర్మీ'. ఆ రెండూ చూశాక 1960ల సినిమాల్లోకి వెళితే ఆయన ఏం వెతుకుతున్నాడో తెలుస్తుంది, ఎక్కడ తప్పటడుగు వేశాడో కూడా తెలుస్తుంది. అత్యాచారం, చిత్రహింస ఉన్న దృశ్యాలు అందులో చాలా ఉన్నాయి. అలాంటివి చూడలేనివాళ్లు ఆ దశకాన్ని వదిలేసినా నష్టం లేదు. చూడగలిగినవాళ్లు 'సీక్రెట్స్ బిహైండ్ ది వాల్' దగ్గర మొదలుపెట్టి, గోడ మీద స్టాలిన్ బొమ్మ ఎప్పుడు కనిపిస్తుందో, ఆ సమయంలో కిటికీ బయట ఎవరు ఉన్నారో జాగ్రత్తగా గమనించాలి.